గోరువెచ్చని పాలు

చిన్నమ్మాయికి అరవై దగ్గర పడుతున్నాయి. అయినా చిన్నమ్మాయే. తల్లి పెద్దకూతుర్ని పెద్దమ్మాయి అనీ, రెండోదాన్ని చిన్నమ్మాయి అనీ పిలిచింది. తల్లి పోయినా ఆ పిలుపులు పోలేదు. హోటళ్ళ దుప్పట్లు, ఆసుపత్రి కోట్లు ఉతికే పెద్ద లాండ్రీలో ఇస్త్రీ బల్ల దగ్గర నిలబడీ నిలబడీ మోకాళ్ళు అరిగాయి, తల సగం నెరిసింది. ఇంటికొస్తే మాత్రం, "చిన్నమ్మాయ్, చెప్పులు లోపల పెట్టు, వాన పడేలా ఉంది" అని ఒక గొంతు వినిపించేది. అక్క గొంతు. ఇప్పుడు ఇంట్లో ఆ గొంతు లేదు. అక్క చచ్చిపోయిందనుకునేరు. అదేం కాదు, నిక్షేపంగా ఉంది. పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయింది.

అవును, పెళ్ళే. అరవై దాటాక. ఇంతకాలం అక్కాచెల్లెళ్ళిద్దరూ ఆ రెండు గదుల వాటాలో ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ బతికారు. వాళ్ళ వీధి చివర గడియారాలు బాగుచేసే ఒకాయన ఉండేవారు. భార్య పోయి చాలాకాలమైంది. అక్క గోడగడియారం పట్టుకుని రెండుసార్లు ఆయన కొట్టుకి వెళ్ళింది. మూడోసారి గడియారం లేకుండానే వెళ్ళింది. చిన్నమ్మాయికి అప్పుడే అనుమానం రావలసింది. రాలేదు. ఇస్త్రీలో మడత తప్పితే ఇట్టే పట్టేస్తుంది గానీ, ఇలాంటివి ఆవిడకి అందవు.

పెళ్ళయ్యాక ఆయన తన సొంత ఊళ్ళో కొట్టు పెట్టుకుంటానన్నారు. బస్సులో సగం రోజు ప్రయాణం. వెళ్ళే రోజు పొద్దున వాకిట్లో కారు ఆగి ఉంది. అక్క ఎక్కదే. గ్యాసు కట్టేయడం మరిచిపోకు, కిటికీలు వేసుకో, ఆ నల్ల గొడుగు చువ్వ విరిగింది, అది పట్టుకెళ్ళకు అంటూ గుమ్మంలోనే నిలబడింది. చిన్నమ్మాయి తలుపు రెక్క పట్టుకుని నిలబడింది. ఈవిడ తొందరగా కదిలితే తలుపేసుకుని ఒక్క ఏడుపు ఏడ్చుకుందామని చూస్తోంది. అక్క మాత్రం ఆపితేనా.

"పాలు వెచ్చబెట్టుకోవడం కూడా చేతకాదు నీకు. నేను లేకపోతే ఏమైపోతావో ఏమో."

"నువ్వు లేకపోతే ఇక్కడేం ఆగిపోదులే. ముందు నువ్వు బయల్దేరు," అనేసింది చిన్నమ్మాయి.

నోరు జారితే వెనక్కి తీసుకోవడమెలా? అక్క మొహం చిన్నబోయింది. ఇంకో మాట మాట్లాడకుండా వెళ్ళి కారులో కూర్చుంది. కారు మలుపు తిరిగే దాకా చిన్నమ్మాయి గుమ్మంలోనే ఉంది. ఏడుపొచ్చింది గానీ, ఏడిస్తే తనన్న మాట అబద్ధమైపోతుందని ఏడవలేదు.

అంతే, ఇక పంతం పట్టుకుంది. అలా అన్నది తనే, తనే ఎలా ఫోన్ చేస్తుంది? అక్కే చెయ్యాలి. అవతల అక్క లెక్క ఏమిటంటే, మాట పడ్డది తను, కాబట్టి చెల్లెలే చెయ్యాలి. ఇద్దరూ ఒక తల్లి పిల్లలే మరి. మధ్యలో పాపం గడియారాలాయన నలిగిపోయారు. ఓసారి ఆయనే ఫోన్ చేశారు.

"బాగున్నావా అమ్మా? మీ అక్క స్నానానికి వెళ్ళింది, అందుకని నేనే చేశాను."

ఆయన వెనకాల నుంచి, స్నానానికి వెళ్ళిన అక్క గొంతు స్పష్టంగా వినిపించింది: "కిటికీలు వేసుకుంటోందేమో అడగండి."

"కిటికీలు వేసుకుంటున్నావా అమ్మా?"

"వేసుకుంటున్నానని చెప్పండి బావగారూ," అంది చిన్నమ్మాయి. ఫోన్ పెట్టేశాక వెళ్ళి చూస్తే రెండు కిటికీలూ బార్లా తెరిచే ఉన్నాయి.

ఇంట్లో ఒక్క మనిషి తగ్గితే ఇంత నిశ్శబ్దం వస్తుందని ఆవిడ అనుకోలేదు. సాయంత్రం తాళం తీసి లోపలికి వస్తే, పొద్దున తను తాగిన గ్లాసు ఎక్కడ పెట్టిందో అక్కడే ఉంటుంది. ఎవరూ కడగరు, ఎవరూ తిట్టరు. టీవీ పెట్టుకుంటే దానితో పోట్లాడ్డానికి తోడు లేదు. అక్క ఉన్నప్పుడు ఒక్క పావుగంట నోరు మూసుకుంటే బాగుండునని ఎన్నిసార్లు మొక్కుకుందో. మూసుకుంది, ఇదిగో. కొన్ని సాయంత్రాలు ఆవిడ చెప్పులు కావాలనే బయట వదిలేసి, తలుపు దగ్గర కాసేపు నిలబడేది.

ఇక డోనట్ల సంగతి. ఆ వీధిలో వాళ్ళ డోనట్లు తినని వాళ్ళు లేరు. తల్లి ఓ బేకరీలో పనిచేసే రోజుల్లో నేర్చుకొచ్చింది. ఈస్ట్ వేసి, పిండి పొంగించి, నూనెలో వేయించి, పైన పంచదార పొడి చల్లినవి. బయట కాస్త కరకర, లోపల దూదిపింజ. ఆడపిల్లలిద్దరూ ఒక వంటింట్లో కొట్టుకు చస్తున్నారని తల్లి పని పంచేసింది. పిండి కలిపి పొంగించడం అక్క వంతు. నూనె దగ్గర నిలబడి వేయించడం చెల్లెలి వంతు. అక్కకి చిన్నప్పుడు మణికట్టు మీద నూనె చిమ్మింది, అప్పటినుంచీ బాణలి కాగుతుంటే ఆ గదిలోకే రాదు. చెల్లెలివేమో చల్లటి చేతులు. పిండికి చల్లటి చేతులు తగిలితే పొంగదని అక్క ఏనాడో తేల్చేసింది. ఒక్కనాడు కూడా గిన్నె ముట్టుకోనివ్వలేదు. తినడంలోనూ వాటాలే. గ్లాసుతో గుండ్రంగా కోసి, మధ్యలో సీసా మూతతో చిల్లు పెడితే రాలే చిన్న ఉండలు ఉంటాయే, అవి వేయించి చెల్లెలు తినాలి. చిల్లు ఉన్నవి అక్క తినాలి. ఇన్నేళ్ళలో చిన్నమ్మాయి ఆ ఉండలు తప్ప పూర్తి డోనట్ ఒక్కటి కూడా తినలేదంటే నమ్ముతారా? ఎవరూ వద్దనలేదు. అలా అలవాటైపోయింది.

లాండ్రీలో ఆవిడ పక్క బల్ల దగ్గర దుప్పట్లు మడిచే అమ్మాయి ఒకతి ఉంది. చిన్నమ్మాయిని అక్కడందరూ పిన్నీ అంటారు. ఆ మడతలమ్మాయికి నెలలు నిండుతున్నాయి, వచ్చే శనివారం నుంచి సెలవు.

"పిన్నీ, మీ డోనట్లు తిని ఎన్నాళ్ళయిందో. కడుపుతో ఉన్నదాన్ని అడుగుతున్నాను, కాదంటే మీకే పాపం. శుక్రవారం నా ఆఖరి రోజు, తెస్తారా?"

"అదెంత పని, తెస్తాను," అంది చిన్నమ్మాయి, ఆలోచించకుండా.

ఇస్త్రీపెట్టె ఇంకో దుప్పటి మీదికి తోసేసరికి గానీ గుర్తు రాలేదు, పిండి కలిపే మనిషి ఇంట్లో లేదని. కలపడం తనకి రాదని ఇప్పుడు ఎలా చెబుతుంది? చెబితే అక్కకి ఫోన్ చేసి అడగమంటారు. అడిగితే అక్క ఏమంటుంది? 'చూశావా, నేను లేకపోతే ఆగిపోయింది' అంటుంది. అనకపోయినా అనుకుంటుంది. ఛస్తే అడగనని చిన్నమ్మాయి నిశ్చయించుకుంది. ఇంతోటి పిండి తను కలపలేదా ఏమిటి?

ఆదివారం పొద్దున్నే మొదలుపెట్టింది. అక్క చేస్తుంటే గుమ్మంలోంచి ఎన్నిసార్లు చూడలేదు? పాలు గోరువెచ్చగా చేసి, చెంచాడు పంచదార, ఈస్ట్ వేసి కలిపి, నురగ వచ్చాక మైదాలో పోసి, గుడ్డు, కాస్త వెన్న, ఉప్పు వేసి, చేతికి అంటనంత దాకా పిసకాలి. పిసికిన ముద్దని గుడ్డ కప్పి వెచ్చటి చోట పెడితే రెండింతలు కావాలి. వేలు పెట్టి చూసింది. గోరువెచ్చగానే ఉన్నాయి పాలు. ఈస్ట్ వేసింది. నురగ రాలేదు. వస్తుందిలే, తొందరేముంది అనుకుని పిండిలో పోసి పిసికింది. మధ్యాహ్నం గుడ్డ తీస్తే ముద్ద పెట్టింది పెట్టినట్టే ఉంది. మొండికేసిన పిల్లలా ఉలకదు, పలకదు. పారేయబుద్ధి కాక అలాగే కోసి వేయించింది. ఒకటి చేయి జారి గచ్చు మీద పడితే ఠంగుమంది.

"చల్లటి చేతులు," అనుకుంది చిన్నమ్మాయి. అక్క అన్నది నిజమే కాబోలు.

దానికి ఆవిడ కనిపెట్టిన విరుగుడు చూడండి. మంగళవారం లాండ్రీ నుంచి రాగానే బకెట్లో వేణ్ణీళ్ళు పోసుకుని, చేతులు రెండూ ఎర్రగా కందే దాకా అందులో పెట్టుకుని కూర్చుంది. పాలు కూడా చల్లబడిపోతాయేమోనని ఇంకాస్త ఎక్కువ వెచ్చబెట్టింది. ఈసారి ముద్ద పొంగకపోగా, నీచు వాసన వేసింది. వేయించకుండానే కాగితంలో చుట్టి చెత్తబుట్టలో వేసి, మూత పెట్టి, ఆ మూత మీద చేయి ఆనించి నిలబడింది. ఫోన్ గూట్లోనే ఉంది. ఒక్క మాట అడిగితే చాలు. అక్కా, పొంగడం లేదు. అంతే. నాలుక చివర దాకా వచ్చింది. కానీ చేయి కదల్లేదు. గురువారం ఇంకోసారి చూద్దాం, అప్పుడూ పాడైతే ఇక ఫోన్ చేసి తీరాల్సిందే కదా అని తనకు తనే వాయిదా ఇచ్చుకుంది. ఇచ్చుకున్నాక ఎందుకో మనసు తేలికపడింది. ఆ తేలిక దేనికో అప్పుడు తెలియలేదు.

బుధవారం లాండ్రీలో టీ తాగే వేళ. చిన్నమ్మాయి రెండు స్టీలు గ్లాసుల్లో టీ పోసుకొచ్చి ఒకటి మడతలమ్మాయికి అందించింది. ఆ పిల్ల అందుకున్నదల్లా కెవ్వుమని గ్లాసు బల్ల మీద పెట్టేసి వేళ్ళు ఊదుకుంది.

"ఇంత వేడి గ్లాసు ఎలా పట్టుకొచ్చారు పిన్నీ?"

"వేడేముంది, గోరువెచ్చగానే ఉందిగా."

"గోరువెచ్చగానా? నా వేళ్ళు బొబ్బలెక్కితే ఎవరిది పూచీ? మీవి వేళ్ళా, పటకార్లా?"

అక్కడున్న వాళ్ళంతా నవ్వారు. చిన్నమ్మాయి కూడా నవ్వబోయి ఆగిపోయింది. చేతులు తిప్పి చూసుకుంది. వేళ్ళ కొసలన్నీ నున్నగా, గట్టిగా, పాత తోలు ముక్కల్లా మెరుస్తున్నాయి. ఇన్నేళ్ళ ఇస్త్రీ, ఇన్నేళ్ళ కాగే నూనె. వీటికి వేడి తెలియడం ఎప్పుడు మానేసిందో ఆవిడకే తెలియదు. ఈ వేళ్ళతో చూసి ఈస్ట్‌ని రెండుసార్లు నిలువునా ఉడకబెట్టి చంపేసింది. చల్లటి చేతులూ కాదు, గాడిదగుడ్డూ కాదు.

గురువారం పొద్దుపోయే దాకా లాండ్రీతోనే సరిపోయింది, శుక్రవారమేమో మధ్యాహ్నం షిఫ్టు. శుక్రవారం పొద్దున్నే లేచింది. పాలు వెచ్చచేసి, వేలు పెట్టబోయి, ఆగింది. చిన్న గిన్నెలోకి కొంచెం తీసి ఆ గిన్నె చెంపకి ఆనించుకుంది. చురుక్కుమంది. కాసేపాగి మళ్ళీ ఆనించుకుంది. ఇంకాసేపాగి ఇంకోసారి. చివరికి చెంపకి వేడీ తెలియలేదు, చలవా తెలియలేదు, జ్వరం వచ్చిందేమోనని ఎవరో చేయి వేసి చూస్తున్నట్టు మాత్రం ఉంది. ఈస్ట్ వేసింది. కాసేపటికి గిన్నె అంచుల్లో బుడగలు లేచాయి, ఆ తర్వాత పైనంతా నురగ కట్టింది. చిన్నమ్మాయికి ప్రాణం లేచొచ్చింది. పిండి పిసికి, గుడ్డ కప్పి, కిటికీలోంచి ఎండ పడే చోట పెట్టి, దాని ఎదురుగానే స్టూలు వేసుకుని కూర్చుంది.

గుడ్డ మెల్లగా పైకి లేచింది. తీసి చూస్తే ముద్ద గిన్నె నిండా పొంగి, నున్నగా, బొద్దుగా ఉంది. వేలితో నొక్కితే గుంట పడి, నింపాదిగా మళ్ళీ పైకి వచ్చింది.

"అక్కా, ఇటు చూడు," అంది చిన్నమ్మాయి వెనక్కి తిరిగి.

వెనక గోడ ఉంది, గోడకి గడియారం ఉంది. ఇంకెవరూ లేరు. ఆవిడ మళ్ళీ ఇటు తిరిగి, పీటకి పిండి చల్లడం మొదలుపెట్టింది.

వేయించడం గురించి చెప్పేదేముంది, అది ఆవిడ సొంత రాజ్యం. నూనె కాగగానే చేతులు వాటంతటవే నడిచాయి. ఒక్కటి మాడలేదు, ఒక్కటి పచ్చిగా లేదు. పంచదార పొడి చల్లి డబ్బాకెత్తుతూ, అలవాటు కొద్దీ పెద్దవి రెండు తీసి ఓ గిన్నెలో వేసి మూతపెట్టింది. అక్క వాటా. పెట్టాక గానీ ఏం చేసిందో తెలియలేదు. మూత తియ్యలేదు, అలాగే వదిలేసి బయల్దేరింది.

లాండ్రీలో డబ్బా తీసింది తీసినట్టే ఖాళీ అయింది. మడతలమ్మాయి మూడోది అందుకుంటూ, మూతికంతా పంచదార పూసుకుని, "అక్కగారు వచ్చారా పిన్నీ? అదే చెయ్యి, అదే రుచి," అంది.

"రాలేదమ్మా. అంతా నేనే చేశాను."

"పిండి కూడానా?"

"పిండి కూడా."

"అయితే ఇంకేం," అని నవ్వింది ఆ పిల్ల. "ఇక అక్కగారితో పనే లేదు మీకు."

తమాషాకే అంది, పాపం. కానీ చిన్నమ్మాయికి ఆ మాట గుండెలో ఎక్కడో గుచ్చుకుంది. షిఫ్టు అయ్యే దాకా ఇస్త్రీ చేస్తూనే ఉంది గానీ, ఆ మాటే చెవిలో జోరీగలా తిరిగింది. పనే లేదు. నిజమే కదా, గుమ్మంలో నిలబడి తనన్నదీ అదే. గెలిచింది. ఇక ఇప్పుడు ఏమని ఫోన్ చేస్తుంది? మంగళవారం మనసు ఎందుకు తేలికపడిందో దుప్పటి మడత మీద పెట్టె జరుపుతూ ఉండగా తెలిసింది. పాడైతే బాగుండునని లోలోపల కోరుకుంది తను. పాడైతే అడగడానికి ఒక మాట ఉండేది. ఈ దిక్కుమాలిన పిండి పొంగి, ఆ ఒక్క మాట కూడా లేకుండా చేసింది.

ఇంటికొచ్చి తాళం తీసింది. చెప్పులు బయటే వదిలింది. ఎవరూ ఏమీ అనలేదు. వంటింట్లో మూత పెట్టిన గిన్నె అలాగే ఉంది. మూత తీస్తే రెండు డోనట్లూ ఉబ్బిన బుగ్గల్లా ఉన్నాయి. చిన్నమ్మాయి గిన్నె ముందర పెట్టుకుని స్టూలు మీద కూర్చుంది. చాలాసేపే కూర్చుంది. వీధిలో ఎవరో ఎవర్నో అన్నానికి పిలుస్తున్నారు. ఒంటరిగా ఉందని ఆవిడ ఎన్నడూ పైకి అనలేదు, తనలో తను కూడా అనుకోలేదు. ఆ రాత్రి అనుకుంది. తర్వాత లేచి గూట్లోంచి ఫోన్ తీసింది.

అవతల మోగీ మోగకముందే ఎత్తారు. బావగారు కాదు, అక్కే.

"ఎవరూ?" అంది, ఎవరో తెలిసి కూడా.

"నేనే."

"ఊఁ."

చిన్నమ్మాయి గిన్నె వంక చూసింది.

"అక్కా, పిండి పొంగడం లేదు."

అంతే. ఆనకట్ట గేటు ఎత్తినట్టయింది. "పొంగడం లేదా? ఎందుకు పొంగదు? పాలు ఎలా చూశావు? వేలు పెట్టి చూసుంటావు, నాకు తెలుసు. నీ వేళ్ళకి వేడి తెలిసి ఎన్నాళ్ళయిందే? ఆ ఇస్త్రీపెట్టె వాటిని ఎప్పుడో తినేసింది. చెంపకి ఆనించి చూడాలి. అందుకే కదా నిన్ను పాల దగ్గరికి రానివ్వనిది."

తనకి మొన్న బుధవారం తెలిసిన సంగతి అక్కకి ఏనాటి నుంచో తెలుసన్నమాట.

"మరి నావి చల్లటి చేతులని అనేదానివిగా?"

అవతల చిన్న నవ్వు వినిపించింది. "అదా? అది నీ ఆరేళ్ళప్పటి మాట. పచ్చి పిండి చాటుగా తినేసి కడుపునొప్పని ఏడ్చేదానివి. నిన్ను గిన్నె దగ్గరికి రాకుండా చెయ్యడానికి అల్లాను. ఇంకా నమ్ముతున్నావా, పిచ్చిమొహమా?"

ఇన్నేళ్ళు గుమ్మంలో నిలబెట్టిన అబద్ధం. కోపం రావాలి న్యాయంగా. రాలేదు. చిన్నమ్మాయి నవ్వాపుకోలేక చేతికందిన డోనట్ ఒకటి తీసి కొరికింది. చిల్లు ఉన్నది. అక్క వాటా. చల్లారినా పైన కరకర పోలేదు, లోపల మెత్తగానే ఉంది.

"అక్కడ చేస్తున్నావా నువ్వు?" అని అడిగింది.

"ఎక్కడ చేస్తాను? నూనె దగ్గర నిలబడగలనా నేను? పిండి కలపబుద్ధి కూడా కాదు. కలిపి ఎవరికివ్వాలి?" అక్క గొంతు కాస్త తగ్గింది. "చిన్నమ్మాయ్."

"ఊఁ."

"ఏదో నములుతున్నావు."

చిన్నమ్మాయి గబుక్కున మింగింది. "లేదే."

అవతల బావగారి గడియారాలు కాబోలు, టిక్కుటిక్కుమంటున్నాయి. చిన్నప్పటి నుంచీ పక్కన కూర్చుని తిన్న మనిషి, ఆ కరకర చప్పుడు ఏమిటో అక్కకి ఒకరు చెప్పాలా?

"నిజంగా పొంగలేదా?" అంది అక్క, మెల్లగా.

"లేదక్కా. నాకు చేతకావడం లేదు. మొదటి నుంచీ చెప్పు."

అక్క ముక్కు ఎగబీల్చిన చప్పుడు వినిపించింది.

"సరే, విను. ముందు గిన్నె కడిగి, తడి లేకుండా తుడుచుకో."